పడవ ఎక్కేముందు బోర్డు చదువు

కాళేశ్వరం రేవులో ఒక పొద్దు అనుకోండి. స్నానాలు అయినాయి. గుడికి పోయినవాళ్ళు మళ్ళీ ఒడ్డుకు వచ్చినారు. ఒక పడవ నిలిచి ఉంది. పడవ మీద నది నడుమ దాకా పోయి రావాలని అందరికీ ఆశే. పడవ నిండుతోంది. ఇంకా ఇద్దరు ఎక్కినారు. ఇంకా ముగ్గురు ఎక్కినారు.

ఒడ్డున ఒక అత్త, కోడలు నిలబడి ఉన్నారు. కోడలు రాత్రి బడిలో చదువు నేర్చుకుంది. పడవ పక్కన తెల్ల రంగుతో ఏదో రాసి ఉంది. ఆమె కూడబలుక్కుని చదివింది. “మొత్తం 12 మంది” అని ఉంది. తరవాత వేలు చూపిస్తూ తలలు లెక్క పెట్టింది. పడవలో 17 మంది ఉన్నారు.

“అత్తా, జర ఆగు. ఎక్కకు.”

“ఎందుకే? అందరు ఎక్కుతున్నరు గదా!”

“పన్నెండు మంది అని రాసిన్రు. ఇప్పటికే పదిహేడు మంది ఉన్నరు. మనం ఎక్కితే పందొమ్మిది.”

పడవ తోలే పిల్లగాడు నవ్వినాడు. “ఏం గాదక్కా, నేను రోజు తోల్తనే ఉన్న” అన్నాడు.

“మంచిదే తమ్మీ. మేం ఇంకో ట్రిప్పుకు వస్తం” అంది కోడలు.

ఆమె భయపడి ఆగలేదు. చదివింది, లెక్క పెట్టింది, ఆగింది. నీళ్ళ మీద ఒక దినం గడపాలంటే ఈ మూడూ తెలియాలి. నది చూడాలి, లంకలు చూడాలి. చూసి ఇంటికి తిరిగి రావాలి. ఈ పాఠం ఆ రెండిటి గురించీ.

నీళ్ళు కలిసే చోటు

కాళేశ్వరం ఇప్పుడు జయశంకర్ భూపాలపల్లి జిల్లాలో, మహదేవపూర్ మండలంలో ఉంది. 2016 దాకా కరీంనగర్ జిల్లాలో ఉండేది. ఇక్కడి గుడిలో ఒకే పానవట్టం మీద రెండు లింగాలు ఉన్నాయి. ఒకటి కాళేశ్వరుడు, అంటే యముడు. రెండోది ముక్తేశ్వరుడు, అంటే శివుడు.

గుడి కింద రెండు నదులు కలుస్తాయి. గోదావరి పడమర నుంచి వస్తుంది. అది మహారాష్ట్రలో నాసిక్ దగ్గర త్రయంబకంలో పుట్టింది. సముద్రం చేరేదాకా అది నడిచే దూరం 1,465 కిలోమీటర్లు. ప్రాణహిత ఉత్తరం నుంచి వస్తుంది. వార్ధా, వైన్‌గంగ అనే రెండు నదులు కలిసి ప్రాణహిత అవుతుంది. గోదావరిలో కలిసే నదులన్నిటిలో ప్రాణహితే పెద్దది. సరస్వతి భూమి లోపల పారి ఇక్కడ కలుస్తుందని భక్తుల నమ్మకం. అందుకే దీనిని త్రివేణి సంగమం అంటారు. 2022 ఏప్రిల్‌లో ఇక్కడ ప్రాణహిత పుష్కరాలు జరిగినాయి. 2025 మేలో సరస్వతి పుష్కరాలు జరిగినాయి.

నదికి అవతల సిరోంచ ఉంది. అది మహారాష్ట్ర. ఇవతలి వాళ్ళకు అవతల చుట్టాలున్నారు. పిల్లను ఇచ్చినవాళ్ళూ ఉన్నారు, తెచ్చుకున్నవాళ్ళూ ఉన్నారు. 2016లో వంతెన వచ్చింది. అంతకుముందు పడవే దారి. పెండ్లికి పోయినా పడవే, రోగిని తీసుకపోయినా పడవే. అప్పుడు పడవ ఎక్కడం సరదా కాదు, అవసరం.

ఇంకా పాత సంగతి ఒకటి ఉంది. నూటయాభై ఏండ్ల కిందట ఇంగ్లీషు దొరలకు ఒక ఆలోచన వచ్చింది. విదర్భలో పండే పత్తిని పడవల మీద ప్రాణహిత, గోదావరి మీదుగా సముద్రం దాకా చేర్చాలి అనుకున్నారు. కాని నదిలో మూడు చోట్ల పెద్ద రాళ్ళు అడ్డం ఉన్నాయి. పడవ దాటదు. ఆ రాళ్ళను దాటించడానికి ఆనకట్టలు, కాలువలు కట్టబోయారు. హెయిగ్ అనే ఇంజనీరు ఆ పని చూసేవాడు. ఖర్చు పెరిగింది. జ్వరాలతో పనివాళ్ళు చనిపోయారు. 1871లో పని ఆపేశారు. దుమ్ముగూడెం దగ్గర అప్పుడు కట్టిన ఆనకట్ట ఇప్పటికీ ఉంది.

అంత పెద్ద సర్కారుకు కూడా నది వంగలేదు. నది బలం ఎంతో దీన్ని బట్టి తెలుస్తుంది.

ఇసుక లంక

నది మీద పోతుంటే నడుమ నడుమ దిబ్బలు కనిపిస్తాయి. చుట్టూ నీళ్ళు, నడుమ నేల. దీనినే లంక అంటారు. సముద్రంలో ఉంటే దీవి అంటారు.

లంక ఎట్లా పుడుతుంది? బియ్యం కడిగేటప్పుడు చూడండి. గిన్నెలో నీళ్ళు గిరగిర తిప్పితే బియ్యం కూడా తిరుగుతాయి. తిప్పడం ఆపితే బియ్యం అడుక్కు చేరతాయి. నది కూడా అంతే. వరదలో నీళ్ళు జోరుగా పారతాయి. మట్టిని, ఇసుకను మోసుకొస్తాయి. నది వెడల్పయిన చోట, రెండు నదులు కలిసే చోట జోరు తగ్గుతుంది. అప్పుడు ఇసుక కిందికి దిగుతుంది. ఏడాది ఏడాది దిగి దిగి దిబ్బ అవుతుంది. దాని మీద గడ్డి మొలుస్తుంది. గడ్డి వేళ్ళు ఇసుకను పట్టి ఉంచుతాయి. అదే లంక.

ఇసుక లంక నమ్మకమైనది కాదు. నిరుడు ఉన్నచోట ఈ ఏడు ఉండకపోవచ్చు. నిరుడు మోకాలు లోతు ఉన్నచోట ఈ ఏడు నిలువు లోతు గుంత పడవచ్చు. “నాకు ఈ రేవు చిన్నప్పటి నుంచి తెలుసు” అన్నవాళ్ళు కూడా అందుకే మోసపోతారు.

నిప్పు లంక

ఇంకో రకం లంక ఉంది. అది ఇసుకతో పుట్టదు. నిప్పుతో పుడుతుంది.

భూమి పైన చల్లగా ఉంటుంది. చాలా లోతుకు పోతే లోపల వేడి. ఎంత వేడి అంటే రాయి కూడా కరిగి బెల్లం పాకం లాగ అవుతుంది. పొయ్యి మీద పాలు పొంగినట్టు ఆ పాకం కొన్ని చోట్ల పైకి పొంగుతుంది. భూమిని చీల్చుకుని బయటికి వస్తుంది. దానిని లావా అంటారు. అది వచ్చే కొండను అగ్నిపర్వతం అంటారు.

సముద్రం అడుగున కూడా ఇట్లా పొంగుతుంది. పాకం నీళ్ళు తగలగానే గడ్డకట్టి రాయి అవుతుంది. దాని మీద ఇంకో పొర, దాని మీద ఇంకో పొర. దోసె మీద దోసె పేర్చినట్టు పెరుగుతుంది. చివరికి తల నీళ్ళ మీదికి వస్తుంది. కొత్త దీవి పుడుతుంది. 1963 నవంబరులో ఐస్‌లాండ్ దేశం పక్కన సముద్రంలో ఇట్లాగే ఒక దీవి పుట్టింది. చేపలు పట్టేవాళ్ళు ముందుగా పొగ చూశారు. పడవ కాలుతోందేమో అనుకున్నారు. దగ్గరికి పోయి చూస్తే సముద్రమే పొంగుతోంది. ఆ దీవికి సుర్ట్‌సీ అని పేరు పెట్టారు.

మన దేశంలో కూడా నిప్పు దీవి ఉంది. దాని పేరు బారెన్ దీవి. బారెన్ అంటే బీడు. అండమాన్‌లో పోర్ట్ బ్లెయిర్ నుంచి సముద్రం మీద సుమారు 140 కిలోమీటర్లు పోవాలి. పోర్ట్ బ్లెయిర్‌కు 2024లో శ్రీ విజయపురం అని పేరు మార్చారు. ఆ ఊళ్ళో తెలుగువాళ్ళు చాలామంది ఉన్నారు. బతుకుతెరువు కోసం పోయి అక్కడే స్థిరపడ్డారు. బారెన్ దీవిలో మాత్రం ఎవరూ కాపురం ఉండరు. నూరేండ్లకు పైగా ఊరుకుని 1991లో అది మళ్ళీ మండింది. ఆ తరవాత చాలాసార్లు పొగ, బూడిద, లావా కక్కింది. 2025 సెప్టెంబరులో కూడా కక్కింది. మన దేశంలో ఇప్పుడు మండే అగ్నిపర్వతం అదొక్కటే.

రేగడి చేనులో నిప్పు రాయి

బారెన్ దీవి దూరం. కాని నిప్పు రాయి తెలంగాణ ఆడవాళ్ళకు కొత్త కాదు. రోజూ కాలి కిందనే ఉంది.

సుమారు 6 కోట్ల 60 లక్షల ఏండ్ల కిందట మహారాష్ట్ర వైపు నేల చీలింది. లావా బయటికి వచ్చింది. ఒకసారి కాదు, ఎన్నోసార్లు వచ్చింది. పొర మీద పొర పరుచుకుంది. గట్టిపడి నల్లరాయి అయింది. ఇప్పటికీ సుమారు 5 లక్షల చదరపు కిలోమీటర్ల నేల ఆ నల్లరాయి మీదనే ఉంది. గోదావరి పుట్టిన త్రయంబకం కొండలు కూడా ఆ రాయే. తెలంగాణలో ఆదిలాబాద్ దిక్కు ఆ రాయి ఉంది.

ఎండకు, వానకు ఆ నల్లరాయి అరిగింది. అరిగి నల్లమట్టి అయింది. దానినే రేగడి అంటారు. పత్తి బాగా పండే నేల అది. నల్లరాయి ఉన్న చోట ఈ మట్టి అక్కడే పుట్టింది. నది ఒడ్డున ఉన్న నల్లమట్టిలో కొంత పైనుంచి వరదలో కొట్టుకొచ్చింది. చేతిలో పిడికెడు రేగడి తీసుకుంటే, ఒకప్పుడు మండిన రాయిని పట్టుకున్నట్టే.

రాజమండ్రి దగ్గర కూడా గోదావరికి రెండు పక్కలా ఇట్లాంటి నల్లరాయి ఉంది. కాటేరు, పంగిడి, గౌరీపట్నం దగ్గర క్వారీల్లో దానిని కొట్టి కంకర చేస్తారు. ఆ లావా పాత నదీలోయల వెంట వందల కిలోమీటర్లు పారి అంత దూరం వచ్చి ఉంటుందని శాస్త్రజ్ఞులు అనుకుంటున్నారు. గోదావరి దారిలో నీళ్ళకంటే ముందు నిప్పు పారిందేమో!

పాపికొండలు మాత్రం అగ్నిపర్వతాలు కావు. అవి తూర్పు కనుమలు. ఈ నల్లరాయి కంటే ఎంతో పాతవి.

ఒక దినం పడవ మీద

ఆడవాళ్ళకు ఒక దినం దొరకడం కష్టం. పొద్దున లేస్తే నీళ్ళు, వంట, పిల్లలు, పశువులు, కూలి. రాత్రి పడుకునే దాకా పనే. అయినా ఇప్పుడు పొదుపు సంఘాల అక్కాచెల్లెళ్ళు కలిసి ఊర్లు చూడ పోతున్నారు. గోదావరి మీద పాపికొండలకు పోతున్నారు.

అది పూర్తి దినం ప్రయాణం. భద్రాచలం వైపు నుంచి పోయేవాళ్ళు పోచవరంలో లాంచీ ఎక్కుతారు. రాజమండ్రి వైపు నుంచి పోయేవాళ్ళు గండిపోచమ్మ గుడి దగ్గర ఎక్కుతారు. రెండు పక్కలా కొండలు. కొండల నిండా అడవి. నది సన్నబడుతుంది. దారిలో పేరంటాలపల్లి వస్తుంది. అక్కడ శివుని గుడి, సెలయేరు ఉన్నాయి. తిండి లాంచీలోనే పెడతారు. పొద్దుగూకే వరకు తిరిగి వస్తారు.

ఇది మంచి పని. మగవాళ్ళకు ఊరు తిరగడం ఎట్లనో ఆడవాళ్ళకూ అట్లనే. కాని ఒక సంగతి మరవకూడదు. నది ఒడ్డున నిలబడి చూడడం వేరు. నది మీదికి పోవడం వేరు.

2019లో రెండు దినాలు

2019 సెప్టెంబరు 15. ఆదివారం. పాపికొండలు చూడడానికి ఒక లాంచీ బయలుదేరింది. గోదావరి వరద మీద ఉంది. సుమారు 5 లక్షల క్యూసెక్కుల నీళ్ళు పారుతున్నాయి. ఒక క్యూసెక్కు అంటే ఒక సెకనులో పారే 28 లీటర్ల నీళ్ళు. అంటే సుమారు రెండు బిందెలు. 5 లక్షల క్యూసెక్కులు అంటే కన్ను మూసి తెరిచేలోపల పది లక్షల బిందెల నీళ్ళు!

దేవీపట్నం మండలం కచ్చులూరు దగ్గర నది కొండల నడుమ ఇరుకు. ఇరుకులో నీళ్ళు ఇంకా జోరు. అక్కడ సుడులు తిరుగుతాయి. లాంచీ ఒరిగింది. బోల్తా పడింది. అందులో 70 మందికి పైగా ఉన్నారు. 26 మంది బతికారు. 50 మంది దాకా పోయారు. వరంగల్లు దగ్గరి కడిపికొండ వాళ్ళు కూడా ఆ లాంచీలో ఉన్నారు. అందరూ కలిసి సంతోషంగా బయలుదేరినవాళ్ళే.

ఒడ్డున ఉన్న తూటుగుంట గిరిజనులు చూశారు. ఎవరూ పిలవలేదు. తమ పడవలు వేసుకుని వరదలోకి పోయారు. ఆ 26 మందిని వాళ్ళే గట్టుకు చేర్చారు. లాంచీ మాత్రం నది అడుగుకు పోయింది. కాకినాడకు చెందిన ధర్మాడి సత్యం బృందం దినాల తరబడి కష్టపడింది. అక్టోబరు 22న దానిని బయటికి తీసింది.

అదే ఏడు డిసెంబరు 9. న్యూజిలాండ్ దేశం. అక్కడ సముద్రంలో వైట్ ఐలాండ్ అనే నిప్పు దీవి ఉంది. పడవ మీద తీసుకపోయి దానిని చూపించేవారు. ఆ దినం 47 మంది దీవి మీద ఉన్నారు. ఉన్నట్టుండి దీవి పేలింది. వేడి ఆవిరి, బూడిద మీద పడింది. 22 మంది చనిపోయారు. అప్పుడే దీవి విడిచి పోతున్న పడవవాళ్ళు వెనక్కి తిరిగి వచ్చి గాయపడినవాళ్ళను ఎక్కించుకున్నారు.

ఒకటి మన గోదావరి. ఒకటి ఎక్కడో పరాయి దేశం. కాని రెండిట్లో ఒక పోలిక ఉంది. రెండు చోట్లా ప్రమాదం చెప్పకుండా రాలేదు. గోదావరిలో వరద కంటికి కనిపిస్తూనే ఉంది. వైట్ ఐలాండ్‌లో కదలిక పెరిగిందని అక్కడి శాస్త్రజ్ఞులు మూడు వారాల ముందే ప్రకటన చేశారు. హెచ్చరిక ఉంది. అయినా ప్రయాణం ఆగలేదు.

పాపికొండల ప్రయాణాలను ఆ తరవాత ఆపేశారు. 2021లో మళ్ళీ మొదలుపెట్టారు. ఒడ్డున కంట్రోల్ రూములు పెట్టారు. అదే ఏడు పార్లమెంటులో నదుల మీద తిరిగే పడవల కోసం కొత్త చట్టం చేశారు. 1917 నాటి పాత చట్టం పోయింది. పడవకు రిజిస్ట్రేషన్ ఉండాలి. పడవ బాగుందని సర్టిఫికెట్ ఉండాలి. నడిపేవాళ్ళకు కూడా సర్టిఫికెట్ ఉండాలి. కాని చట్టం కాగితం మీద ఉంటుంది. పడవ నీళ్ళ మీద ఉంటుంది. రెండూ కలిశాయా లేదా అని ఎక్కేవాళ్ళే చూసుకోవాలి.

పడవ ఎందుకు బోల్తా పడుతుంది?

ఇంట్లో తొట్టిలో నీళ్ళు పోయండి. ఒక గిన్నె పెట్టండి. తేలుతుంది. గిన్నెలో గుప్పెడు గులకరాళ్ళు వేయండి. కొంచెం దిగుతుంది. అయినా తేలుతుంది.

ఇంకా రాళ్ళు వేస్తూ పోండి. గిన్నె అంచు నీళ్ళకు దగ్గరవుతుంది. ఇప్పుడు చేత్తో చిన్న అల లేపండి. అంచు దాటి నీళ్ళు లోపలికి వస్తాయి. గిన్నె మునుగుతుంది. ఎక్కువ మంది ఎక్కితే పడవకు ఇదే అవుతుంది. నీళ్ళు నిమ్మళంగా ఉన్నంతసేపు ఏమీ కాదు. ఒక్క అల చాలు.

మళ్ళీ గిన్నె తీసుకోండి. కొన్ని రాళ్ళే వేయండి. అన్నిటినీ ఒక పక్కకు జరపండి. గిన్నె ఒరుగుతుంది. పడవలో అందరూ ఫోటో కోసం ఒక పక్కకు పోతే ఇదే అవుతుంది.

ఇంకొకటి. గిన్నెలో ఒక పొడుగు చెంబు నిలబెట్టండి. చెంబు నిండా నీళ్ళు పోయండి. గిన్నె ఊగుతుంది. బరువు పైన ఉంటే నిలకడ ఉండదు. నెత్తి మీద రెండు బిందెలు పెట్టుకుని నడిచే ఆడవాళ్ళకు ఇది ఎవరూ చెప్పనక్కర లేదు. కింది బిందె నిండుగా, పై బిందె సగంగా ఉండాలి. లాంచీ పై అంతస్తు మీద అందరూ నిలబడితే పై బిందె నింపినట్టే.

ఎక్కేముందు చూడవలసినవి

బోర్డు చదవండి. ఎంతమంది ఎక్కాలో రాసి ఉంటుంది. లేకపోతే అడగండి. పిల్లలను కూడా లెక్కలో వేయండి.

అంచు చూడండి. జనం ఎక్కిన తరవాత పడవ అంచు నీళ్ళకు జానెడు ఎత్తు కూడా లేకపోతే దిగిపోండి. కొన్ని పడవలకు పక్కన గీత గీసి ఉంటుంది. గీత మునిగితే బరువు ఎక్కువైనట్టు.

లైఫ్ జాకెట్ అడగండి. లోపల నీళ్ళు పీల్చని తేలిక సరుకు ఉంటుంది. అది మనిషిని తేలుస్తుంది. కొంగు నడుముకు బిగించి, చీర మీద జాకెట్ వేసుకోండి. పట్టీలన్నీ బిగించండి. ఇంకొకరిని భుజాల దగ్గర పట్టి పైకి లాగమనండి. జాకెట్ గడ్డం దాకా జారితే వదులుగా ఉన్నట్టు. నీళ్ళలో పడితే అది తలమీదుగా ఊడిపోతుంది. పిల్లలకు పిల్లల జాకెట్టే వేయాలి. పెద్దది వేయకూడదు.

జాకెట్ తీయకండి. ఉక్కపోస్తుంది, అన్నం తినాలి, ఫోటో దిగాలి అని తీస్తారు. కాని పడవ ఒరిగేటప్పుడు చెప్పి ఒరగదు. ఒరిగిన తరవాత జాకెట్ వెతుక్కునే సమయం ఉండదు.

తలుపు ఎక్కడుందో చూసుకోండి. వాన, గాలి వస్తే కిటికీలు, తలుపులు మూస్తారు. 2018 మేలో దేవీపట్నం మండలంలోనే ఒక లాంచీ గాలివానకు మునిగింది. లోపల ఉన్నవాళ్ళు బయటికి రాలేకపోయారు. గాలివాన వస్తే లాంచీని ఒడ్డుకు చేర్చమని గట్టిగా చెప్పండి.

నదిని చూడండి. నీళ్ళు ఎర్రగా, మట్టిగా, చెత్త, కట్టెలు కొట్టుకొస్తూ ఉంటే అది వరద. ఆ దినం పోవద్దు. భద్రాచలం దగ్గర గోదావరి 43 అడుగులు చేరితే మొదటి ప్రమాద హెచ్చరిక ఇస్తారు. 48 అడుగులకు రెండోది. 53 అడుగులకు మూడోది. 2022 జులైలో అది 71 అడుగులు దాటింది. ఈ అంకెలు పేపర్లో వస్తాయి. ఇప్పుడు చదువు వచ్చింది కదా, వానాకాలంలో రోజూ చూడవచ్చు. కాళేశ్వరానికి పైన అన్నారం బ్యారేజి, కింద మేడిగడ్డ బ్యారేజి కట్టారు. 2023 అక్టోబరు 21న మేడిగడ్డ బ్యారేజి పిల్లర్లు కుంగాయి. ఏ బ్యారేజి దగ్గరైనా సైరన్ మోగితే వెంటనే గట్టు ఎక్కాలి. గేట్లు ఎత్తితే నీళ్ళు ఒక్కసారిగా పెరుగుతాయి.

నీళ్ళలో పడితే

కేకలతో బలం పోగొట్టుకోవద్దు. ప్రవాహానికి ఎదురు ఈదవద్దు. వెల్లకిలా తేలాలి. ముక్కు, నోరు పైన ఉండాలి. ఖాళీ క్యాన్, ప్లాస్టిక్ బిందె, చెక్క ఏది దొరికినా పట్టుకోవాలి. ప్రవాహంతో పాటు పోతూ మెల్లగా ఒడ్డు వైపు ఏటవాలుగా జరగాలి.

ఒడ్డున ఉన్నవాళ్ళు ఈత రాకుండా దూకవద్దు. మునిగేవాళ్ళు భయంతో పట్టుకుంటారు. ఇద్దరూ మునుగుతారు. తాడు విసరాలి. తాడు లేకపోతే చీర ఉంది. 2020 ఆగస్టులో తమిళనాడులోని పెరంబలూరు జిల్లా కొట్టరై డ్యాం దగ్గర కొందరు యువకులు నీళ్ళలో పడ్డారు. అక్కడ ఉన్న ముగ్గురు ఆడవాళ్ళు వెనకాముందు చూడలేదు. కట్టుకున్న చీరలు విప్పి నీళ్ళలోకి విసిరారు. ఇద్దరు బతికారు. ఆ ముగ్గురికీ తమిళనాడు సర్కారు కల్పనా చావ్లా పేరు మీద సాహస అవార్డు ఇచ్చింది.

సాయానికి 112 నంబరుకు ఫోన్ చేయాలి. అంబులెన్సుకు 108. ఈ రెండు నంబర్లు ఇంటి గోడ మీద రాసి పెట్టుకోండి.

అడగడం తప్పు కాదు

చాలామందికి బోర్డు కనిపిస్తుంది. లెక్క కూడా తెలుస్తుంది. కాని నోరు రాదు. “అందరు ఊకున్నరు. నేనొక్కదాన్ని అడిగితే ఏమనుకుంటరో” అని ఊరుకుంటారు. పడవలో ఉన్న ప్రతి ఒక్కరూ అట్లా అనుకుంటే అడిగేది ఎవరు?

పడవ తోలేవాళ్ళు శత్రువులు కారు. వాళ్ళదీ పొట్టకూటి పనే. రెండు ట్రిప్పుల మందిని ఒకే ట్రిప్పులో ఎక్కిస్తే నూనె ఖర్చు మిగులుతుంది. అందుకే ఎక్కిస్తారు. కాని మునిగితే తోలేవాళ్ళ ప్రాణం కూడా పోతుంది. కచ్చులూరులో లాంచీ నడిపినవాళ్ళు కూడా చనిపోయారు. కాబట్టి కొట్లాడనక్కర లేదు. మెత్తగా, గట్టిగా అడగాలి. సంఘం వాళ్ళు పదిమంది కలిసి అడిగితే ఎవరూ కాదనలేరు.

మళ్ళీ కాళేశ్వరం రేవు దగ్గరికి వద్దాం. మొదటి పడవ పోయి తిరిగి వచ్చింది. ఏమీ కాలేదు. అత్త కోడలి దిక్కు చూసింది.

“చూసినవా? వాళ్ళు పోయిన్రు, వచ్చిన్రు. ఏమన్న అయిందా?”

“ఏం గాలేదు అత్తా. మంచిగైంది. మనకు కూడా ఏం గావద్దనే ఆగినం.”

ఈసారి పడవలో పదిమందే ఎక్కినారు. అత్త, కోడలితో పన్నెండు. కోడలు జాకెట్ తీసుకుని అత్త పట్టీలు బిగించింది. “ఊపిరాడుతలేదే” అంది అత్త. అన్నదే గాని విప్పలేదు.

పడవ కదిలింది. నది నడుమకు పోయాక అత్త ప్రాణహిత దిక్కు చేయి చూపింది. తల్లిగారి ఊరు ఆ దిక్కే. చిన్నప్పుడు ఆ నీళ్ళ మీదనే పడవలో అత్తవారింటికి వచ్చింది. అప్పటి సంగతులు ఒకటొకటే చెప్పడం మొదలుపెట్టింది. కోడలు వింటూ కూర్చుంది.

మాట్లాడుకోండి

1. మీ ఊరి దగ్గర నది, వాగు, చెరువు ఉందా? అక్కడ పడవ ఉందా? దాని మీద ఏమి రాసి ఉంది?

2. ఇసుక లంకకు, నిప్పు లంకకు తేడా ఏమిటి?

3. గిన్నె, గులకరాళ్ళతో చేసిన పని మీ కేంద్రంలో అందరి ముందు చేసి చూపించండి.

4. బస్సులో, ఆటోలో కూడా ఎంతమంది ఎక్కాలో రాసి ఉంటుంది. ఈ వారం చదివి, లెక్క పెట్టి వచ్చి చెప్పండి.

5. కోడలు ఆగకుండా ఎక్కి ఉంటే మీరు ఏమనేవారు? ఆగినందుకు ఏమంటారు?